ఎక్కడి లైను? ఒక ఇంగ్లిష్ మాట, తెలుగులో దాని కాపురం

(ఎస్.ఆర్. నగర్, హైదరాబాద్‌లో చేసిన స్మారకోపన్యాస పాఠం)



మా మాస్టారి స్మృతిలో జరిగే ఉపన్యాసం ఈ సంవత్సరం నన్ను చేయమని కబురు వచ్చినప్పుడు సంతోషం కంటే జంకే ఎక్కువ కలిగింది. మాస్టారు పొగడ్తను సహించేవారు కారు. ఇదే సంజీవరెడ్డి నగర్‌లో, ఒక మేడమీద రెండు గదుల్లో, ముప్పై మంది ఇరుక్కుని కూర్చునే బెంచీల ముందు, దాదాపు మూడు దశాబ్దాలు ఇంగ్లిష్ చెప్పారు. గుమ్మం ముందు బోర్డు పెట్టారు గానీ దాని మీద తన పేరు రాయించుకోలేదు. కుటుంబసభ్యుల కోరిక మేరకు ఈ అచ్చుప్రతిలోనూ ఆయన మనందరికీ ‘మాస్టారు’గానే ఉంటారు. ఆయన గుణగణాలు ఏకరువు పెట్టి ఆ ఆత్మను ఇబ్బంది పెట్టను. ఆయన ప్రతిరోజూ వేసిన ఒక్క ప్రశ్నను మీ ముందుంచి, ఆ ప్రశ్న పట్టుకుని ఎంత దూరం వెళ్లవచ్చో చూపడానికి ప్రయత్నిస్తాను.

ఏ విద్యార్థి అయినా లేచి, ఫలానా మాటకు అర్థమేమిటి సార్ అని అడిగితే, మాస్టారు అర్థం చెప్పేవారు కారు. ‘ఎక్కడ విన్నావు నాయనా?’ అని అడిగేవారు. బస్సులోనా, ఆఫీసులోనా, సినిమాలోనా, పత్రికలోనా? ఎవరు ఎవరితో అన్నారు? అన్న తరువాత ఏం జరిగింది? ఇన్నీ చెప్పించుకున్నాక, ‘మరి అర్థం నువ్వే చెప్పావుగా’ అనేవారు. అప్పట్లో ఇది బోధనలో ఒక చమత్కారమనుకున్నాను. భాషను గురించిన ఒక పెద్ద సత్యం అందులో ఉందని తెలియడానికి నాకు చాలా ఏళ్లు పట్టింది.

ఆ సత్యాన్ని ఒకే ఒక్క మాట ఆసరాగా పరిశీలిద్దాం. ఆ మాట ‘లైను’. ఈ సభాస్థలికి మీలో చాలామంది రెడ్ లైన్ మెట్రోలో వచ్చి ఎస్.ఆర్. నగర్ స్టేషన్‌లో దిగారు. టికెట్టుకు లైన్లో నిలబడ్డారు. దారిలో ఎవరికో ఫోన్ చేస్తే లైను కలిసి ఉండదు. పక్క సీటాయన ‘మీరు ఏ లైన్లో ఉన్నారండీ’ అని పలకరించి ఉంటాడు. ఈ నాలుగూ నాలుగు వేరు వేరు సంగతులు. అయినా ఎవరికీ నిఘంటువు అవసరం పడలేదు. ఇన్ని పనులు చేస్తున్న ఈ మాట ఎవరిది, ఎప్పుడు వచ్చింది, ఎవరి వెంట వచ్చింది?

దాని పుట్టింటి సంగతి ముందు చెప్పుకోవాలి. లాటిన్‌లో ‘లీనుమ్’ అంటే అవిసె. అవిసె నారతో పేనిన దారం ‘లీనియా’. గోడ కట్టేవాడు తిన్నదనం చూడటానికి పట్టే దారం, జాలరి నీటిలోకి వదిలే దారం, ఆ తరువాత కాగితం మీద గీసే గీత, గీతల వెంట రాసే పాదం, మనుషులు నిలబడే వరుస... ఈ అర్థాలన్నీ ఆ నారపోగు నుంచి సాగినవే. దారం నుంచి భావం పుట్టడం మనకు కొత్త కాదు. సూత్రం అంటే దారం, అదే శాస్త్రనియమమైంది. తంతువు అంటే పోగు. పెళ్లి ‘తంతు’ అన్నప్పుడు ఒకదాని తరువాత ఒకటిగా సాగే కార్యకలాపమైంది. తంత్రి అంటే వీణ తీగ. అది ‘తంతి’ అయి, ఒకప్పుడు మన ఇళ్లకు చావు కబుర్లూ ఉద్యోగం కబుర్లూ మోసుకొచ్చింది. అవిసె పండించే దేశంలో ఒక పోగు, పత్తి పండించే దేశంలో ఒక పోగు, తమ తమ దారుల్లో ఒకే రకంగా నడిచాయి. ఆ పోగు ఈ నేలకు వచ్చినప్పుడు ఇక్కడ మగ్గం సిద్ధంగానే ఉందని చెప్పడానికి ఇదంతా చెప్పాను.

అయితే పరాయి మాట మన భాషలోకి వచ్చేటప్పుడు పుట్టింటి అర్థాలన్నీ మూటగట్టుకుని రాదు. ఒక్కొక్క అర్థాన్ని ఒక్కొక్క వ్యవస్థ మోసుకొస్తుంది. సైన్యం ఒకటి తెస్తుంది, రైలు ఒకటి, కరెంటు ఒకటి, కచేరీ ఒకటి. వ్యవస్థ వెళ్లిపోయినా అర్థం మిగిలిపోవచ్చు. వ్యవస్థ మారితే అర్థం తిరగబడవచ్చు. అందువల్ల ఒక ఎరువు మాటకున్న అర్థాలను వచ్చిన క్రమంలో పేరిస్తే, అది మన సామాన్యుల చరిత్రే అవుతుంది. ఈ సాయంత్రం నేను చెప్పదలచింది ఇంతే. మిగిలినదంతా దానికి సాక్ష్యం.

మొదటి సాక్ష్యం దండుది. నిజాం ప్రభుత్వానికీ ఈస్టిండియా కంపెనీకీ 1798లో కుదిరిన సైన్యసహకార ఒప్పందం తరువాత, హుస్సేన్‌సాగర్ ఉత్తరాన కంపెనీ పటాలాలు దిగాయి. 1806లో ఆ దండుకు నిజాం సికిందర్ జా పేరు మీద సికింద్రాబాద్ అని పేరు పెట్టారు. సిపాయిల గుడిసెలు వరుసలుగా వేసేవారు కనుక వాటిని ‘లైన్లు’ అన్నారు. అక్కడ లైనంటే మనిషి పడుకునే చోటు. అధికారి బంగళాకు ఆ పేరు లేదు. కిందివాడి వసతికే ఉంది. పోలీసు కుటుంబాలు ఉండే ‘పోలీస్ లైన్స్’ ఆ మాట వారసత్వమే.

ఈ అర్థం సముద్రాలు కూడా దాటింది. కోరంగి రేవులో ఓడ ఎక్కిన మన వాళ్లను బర్మాలోనూ మారిషస్‌లోనూ కోరంగులన్నారు. 1903 నుంచి మద్రాసు రేవు మీదుగా ఫిజీ చెరకు తోటలకు వెళ్లిన ఒప్పంద కూలీల్లో తెలుగువారున్నారు. ఫిజీలో వారిని ఉంచిన వరస కొట్టాలను ‘కూలీ లైన్లు’ అనే పిలిచారు. పది అడుగుల పొడవు, ఏడు అడుగుల వెడల్పు ఉన్న గదిలో ముగ్గురు ఒంటరి మగవాళ్లు గానీ, పిల్లలతో ఒక జంట గానీ ఉండాలి. వంటా అందులోనే, పడకా అందులోనే. గోదావరి ఒడ్డున పుట్టినవాడు ఈ మాటను మొదటిసారి విన్నది బహుశా అక్కడే. ఆ కుటుంబాల ఇళ్లలో ఆ మాట బరువు వేరు.

అదే మాట గుంటూరులో గౌరవం సంపాదించింది. బ్రాడీపేట, అరండల్‌పేటలలో వీధులకు పేర్లకు బదులు అంకెలున్నాయి. ‘నాలుగో లైను, పద్నాలుగో అడ్డరోడ్డు’ అంటే చిరునామా చాలు. ఇదే ఎస్.ఆర్. నగర్ హాస్టళ్లలో గుంటూరు పిల్లవాడు ‘మాది బ్రాడీపేట ఆరో లైను’ అంటే, పక్క మంచం మీది నల్లగొండ పిల్లవాడు రైలు పట్టాల పక్కన ఇల్లనుకున్న సందర్భం నేను కళ్లారా చూశాను. ఇద్దరిదీ తెలుగే. మాట ఇద్దరి ఊళ్లకూ వేరే బండి ఎక్కి వచ్చింది.

రెండవ సాక్ష్యం రైలుది. 1874లో వాడీ నుంచి సికింద్రాబాద్‌కు రైలు వచ్చింది. దానితో లైనంటే దారి అన్న అర్థం ఊళ్లలోకి దిగింది. ‘కాజీపేట లైను’, ‘గూడూరు లైను’ అని దిక్కులకు పేర్లొచ్చాయి. దారి అన్న మాట మనకు లేకనా? ఉంది. కానీ మన దారి నడిచేవాడి ఇష్టం మీద వంకర తిరుగుతుంది; చెట్టు అడ్డొస్తే పక్కకు తప్పుకుంటుంది. ఇది ఇనుముతో వేసిన దారి. దీని మీద నడిచేదానికి తప్పుకునే వీలు లేదు. అందుకే రైల్వేవాళ్లకు ఒక మాట ప్రాణప్రదమైంది: ‘లైన్ క్లియర్’.

పాత ఒంటిదారి స్టేషన్లలో ఇది కంటికి కనబడే వస్తువు. స్టేషన్ మాస్టర్ గదిలో ఇనుప పెట్టెలాంటి యంత్రం ఉండేది. ముందు స్టేషన్ అంగీకరిస్తేనే అందులోంచి ఒక లోహపు గుండు బయటకు వస్తుంది. ఆ గుండును తోలుసంచిలో వేసి, సంచిని పెద్ద వలయానికి తగిలిస్తారు. ప్లాట్‌ఫారం చివర నిలబడ్డ మనిషి ఆ వలయాన్ని పైకెత్తి పట్టుకుంటే, కదులుతున్న ఇంజన్లోంచి చెయ్యి చాచి డ్రైవరు దాన్ని భుజానికి తగిలించుకునేవాడు. ఆ గుండు చేతిలో లేకుండా ముందుకు వెళ్లకూడదు. రెండు స్టేషన్ల మధ్య ఒక్క గుండే బయట ఉండటానికి వీలుంది కనుక, ఎదురుగా మరో రైలు రాదు. లైన్ క్లియర్ అంటే అక్కడ ‘కదులు’ అని అర్థం.

మూడవ సాక్ష్యం తీగది. 1851లో కలకత్తా, డైమండ్ హార్బర్ మధ్య మొదలైన టెలిగ్రాఫు కొద్ది దశాబ్దాల్లో దేశమంతా అల్లుకుంది. దీనికి మనం ‘తంతి’ అనే చక్కని మాట ఇచ్చాం. తంతి తపాలా శాఖ అని ప్రభుత్వమే రాసింది. ఆ రెండు శాఖలూ 1985లో విడిపోయాయి. 2013 జులైలో టెలిగ్రామ్ సేవ ఆగిపోయింది. ‘తంతి’ కూడా దానితో పాటే వెళ్లిపోయింది. మన మాట కదా అని అది బతకలేదు. ఇంగ్లిష్ మాట కదా అని లైను పోలేదు. మాటను బతికించేది పుట్టుక కాదు, దాని చేతిలో ఉన్న పని.

తంతి చేసిన పని ఒక్కటే. లైను మాత్రం టెలిఫోనులోకి మారింది. ట్రంక్‌కాల్ బుక్ చేసి పోస్టాఫీసు బల్ల మీద గంటలు గంటలు కూర్చున్న తరం వాళ్లు ఈ సభలో ఉన్నారు. వాళ్లందరికీ ‘లైను కలవడం’ అంటే ఏమిటో తెలుసు. కలవడమనే క్రియను మనం మనుషులకు వాడతాం, నదులకు వాడతాం. ఫోనుకూ అదే ఇచ్చాం. కనక్షన్ దొరికింది అనలేదు. రెండు గొంతులు దారి మధ్యలో ఎదురుపడినట్టు ‘కలిసింది’ అన్నాం.

ఇక కరెంటు. 1920లో హుస్సేన్‌సాగర్ గట్టున థర్మల్ విద్యుత్ కేంద్రం వెలిసింది. పల్లెల్లోకి తీగలు వెళ్లడం 1959లో రాష్ట్ర విద్యుత్ బోర్డు ఏర్పడిన తరువాత ఊపందుకుంది. అప్పుడు మన గ్రామాల్లోకి ఒక కొత్త వ్యక్తి వచ్చాడు. కరణం, మునసబు, పోస్టుమాన్ ఉన్న ఊరికి లైన్‌మన్ వచ్చాడు. రైతుకు వాన తరువాత అంతటివాడయ్యాడు. బోరుకు ‘లైను లాగడం’ ఒక ఘట్టమైంది. ఇంగ్లిష్‌వాడు కాగితం మీద గీతను లాగుతాడేమో గానీ, స్తంభం నుంచి స్తంభానికి అల్యూమినియం తీగను భుజాలు ఒరుసుకుపోయేలా లాగినవాడు మన కూలీ. ఆ క్రియలో చెమట ఉంది. 2021లో తెలంగాణలో ఆడపిల్లలు కూడా స్తంభం ఎక్కి చూపించి ఈ ఉద్యోగంలోకి వచ్చారు. ‘లైన్‌మన్’ అన్న పేరులోని మగవాడిని అప్పుడు మార్చుకోవలసి వచ్చింది.

ఇక్కడే మాస్టారి తరగతిలో జరిగిన ఒక చిన్న సంఘటన చెబుతాను. ఒకరోజు ఆయన తెలుగు పత్రిక తెచ్చి, అందులోని ఇంగ్లిష్ మాటలు ఏరమన్నారు. ఒక శీర్షిక ఇలా ఉంది: ఫలానా పోస్టుల భర్తీకి లైన్ క్లియర్. వెనక బెంచీలో ఒక అబ్బాయి లేచి, ‘భర్తీ ఆగిపోయిందా సార్?’ అన్నాడు. తరగతి నవ్వింది. మాస్టారు నవ్వలేదు. ‘లైన్ క్లియర్ అనే మాట ఇదివరకు ఎక్కడ విన్నావు నాయనా?’ అన్నారు. ‘మా నాన్న లైన్‌మన్ సార్. స్తంభం ఎక్కే ముందు ఎల్‌సీ తీసుకుంటాడు. ఎల్‌సీ ఇచ్చారంటే కరెంటు ఆపేసినట్టు.’

గది నిశ్శబ్దమైంది. ఆ అబ్బాయి చెప్పింది అక్షరాలా నిజం. విద్యుత్ సిబ్బంది భాషలో ఎల్‌సీ అంటే లైన్ క్లియరే. తీగ మీద పని చేయవలసినవాడు సబ్‌స్టేషన్‌కు ఫోన్ చేసి అడుగుతాడు. అక్కడివాళ్లు ఆ ఫీడరు ఆపి, పుస్తకంలో పేరూ వేళా రాసుకుని, ఇచ్చామంటారు. ఆ తరువాత కూడా అతను ఎర్త్ రాడ్‌ను తీగకు తగిలించి, తీగలో ప్రాణం లేదని రూఢి చేసుకుని గానీ చెయ్యి పెట్టకూడదు. దిగాక అతనే మళ్లీ ఫోన్ చేసి ఎల్‌సీ తిరిగి ఇచ్చేస్తాడు. అంతదాకా ఎవరూ స్విచ్చు ముట్టుకోకూడదు. ఈ మాట ఒక చోట పొరపాటుగా వినబడితే ఇంకొకచోట ఒక మనిషి తీగ మీదే ఉండిపోతాడు. ఎల్‌సీ తీసుకుని ఎక్కినా కరెంటు వచ్చి చనిపోయారన్న వార్తలు మనం చదువుతూనే ఉన్నాం.

ఒకే మాటకు ఇప్పుడు మూడు అర్థాలు చూడండి. రైలులో లైన్ క్లియర్ అంటే దారిలో ఏదీ లేదు కనుక నువ్వు కదులు. కరెంటులో లైన్ క్లియర్ అంటే తీగలో ఏదీ కదలదు కనుక నువ్వు ముట్టుకో. పత్రికలో లైన్ క్లియర్ అంటే కోర్టు చిక్కో ఆర్థికశాఖ అభ్యంతరమో తొలగింది కనుక ఆశపడు. మొదటిది ప్రయాణికుడి ప్రాణం, రెండవది కార్మికుడి ప్రాణం, మూడవది నిరుద్యోగి ప్రాణం. మొదటి రెండూ దాదాపు ఎదురెదురు. రెంటిలోనూ నిజంగా ఖాళీ అయ్యేది ప్రమాదమే. ఏ నిఘంటువులోనూ ఈ మూడూ పక్కపక్కన నేను చూడలేదు. పక్కపక్కన పెట్టింది ఆ లైన్‌మన్ కొడుకు.

నాలుగవ సాక్ష్యం కొరతది. రెండవ ప్రపంచ యుద్ధకాలపు రేషన్ నుంచి, 1983లో వచ్చిన రెండు రూపాయల కిలో బియ్యం, కిరోసిన్ డబ్బాలు, 2016 నవంబరులో పెద్దనోట్ల రద్దు తరువాత బ్యాంకుల ముందు రోజుల తరబడి నిలుచోవడం దాకా, లైను కట్టడం ఈ దేశంలో పౌరుడికి అలవాటైన భంగిమ. పాతకాలంలో పంచిపెట్టేవాడి ఎదుట గుంపు ఉండేది; హోదాను బట్టి పిలుపు వచ్చేది. వచ్చిన క్రమాన్ని బట్టి వంతు రావాలన్నది కొత్త నీతి. ఎవరి కులం ఏదైనా ముందొచ్చినవాడి వెనక నిలబడాలి. ఆ నీతి కొత్తది కనుకే కాబోలు, పేరు కూడా కొత్తదే పెట్టుకున్నాం. తిరుమలలో ఇంకో అడుగు ముందుకు వేశాం. అక్కడ ‘క్యూలైన్లు’ ఉన్నాయి. ఇంగ్లిష్‌లో ఈ రెండు మాటలదీ ఒకటే పని. సాధారణంగా జంటగా వాడరు. మన దగ్గర క్యూ అంటే నిలబడ్డ మనుషులు, క్యూలైను అంటే వాళ్లను నడిపించే కటకటాల దారి. అవసరం పడి, రెండు పరాయి మాటల్ని అతికి మూడోది చేసుకున్నాం. ఆ కట్టుబడి పూర్తిగా తెలుగువాళ్లది.

ఐదవది రాజకీయాలది. 1948లో కమ్యూనిస్టు పార్టీలో బి.టి. రణదివే నాయకత్వంలోని కేంద్ర కమిటీ మార్గం ఒకటైతే, తెలంగాణ సాయుధ పోరాటంలో ఉన్న ఆంధ్ర కమిటీ చైనా అనుభవాన్ని చూపిస్తూ వేరే మార్గం ప్రతిపాదించింది. ఆ చర్చలో లైను అన్న మాటకు ఎంత బరువుందో ఊహించండి. ఏ లైను సరైనదన్న ప్రశ్నకు జవాబు కాగితం మీద ఉండి, దాని ఫలితం నల్లగొండ, వరంగల్ అడవుల్లో ఉండేది. 1964లో పార్టీ చీలింది, 1969లో మళ్లీ కొత్త పార్టీ పుట్టింది. ‘రెండు లైన్ల పోరాటం’ అన్న పదబంధం మన రాజకీయ సాహిత్యంలో స్థిరపడింది. పంథా, మార్గం అన్న మాటలు పక్కనే ఉన్నా, కార్యకర్త నోట లైనే నిలిచింది. గీసిన గీతకు అటా ఇటా అని తేల్చమనే పదును ఆ మాటలో ఉందేమో.

ఇక మన పేటల సంగతి. ఇటు అమీర్‌పేట, అటు పంజాగుట్ట, ఆ వెనక యూసుఫ్‌గూడ, కృష్ణానగర్. ఈ కొద్ది మైళ్లలో రెండు ఆశల పరిశ్రమలున్నాయి. అమీర్‌పేటలో మైత్రివనం చుట్టూ తొంభైల చివరి నుంచి సాఫ్ట్‌వేర్ కోర్సుల బోర్డులు ఒకదాని మీద ఒకటి ఎక్కాయి. రాయలసీమ నుంచి, ఉత్తరాంధ్ర నుంచి, పాలమూరు నుంచి డిగ్రీ చేత్తో పట్టుకుని దిగినవాళ్లు ‘ఏ లైనైతే బాగుంటుంది?’ అని అడిగారు. జావా లైను, టెస్టింగ్ లైను, శాప్ లైను. వృత్తి అన్న మాటకు పుట్టుక అంటుకుని ఉంటుంది. ‘మీ వృత్తి ఏమిటి’ అంటే మీ తాతదేమిటి అన్న నీడ పడుతుంది. లైనుకు ఆ నీడ లేదు. దాన్ని ఎంచుకోవచ్చు, మూడు నెలల ఫీజు కట్టి మారవచ్చు. కుండలు చేసిన ఇంట్లోని అమ్మాయీ భూములున్న ఇంట్లోని అబ్బాయీ ఒకే బెంచీ మీద కూర్చుని ‘మేమిద్దరం ఒకే లైను’ అనగలిగారు. ఇది చిన్న సంగతి కాదు.

కృష్ణానగర్ సినిమావాళ్లలో అదే మాటకు అర్థం వేరు. అక్కడ రచయిత నిర్మాతకు ‘లైను’ చెబుతాడు. మూడు గంటల సినిమా రెండు ముక్కల్లో నిలవాలి. అది ఓకే అయితే ఏడాది తిండి. పత్రికలో హీరోగారికి మూడు సినిమాలు ‘లైన్లో’ ఉంటాయి. వీధి మలుపులో కుర్రవాడు ‘లైను వేస్తాడు’. నగరంలో కొందరు ‘లైను కొడతారు’. చులకనగా కనిపించే ఈ ప్రయోగంలో కూడా కలవాలని, కలుస్తుందో లేదో తెలియని ఎదురుచూపు ఉంది. టెలిఫోను దగ్గరి ఎదురుచూపుకు అది మరీ దూరమేమీ కాదు.

చివరి సాక్ష్యం మన కాలానిది. ‘ఆన్‌లైన్’ అంటే ఇంగ్లిష్‌లో అంతర్జాలానికి కలిసి ఉన్న స్థితి. మన పల్లెల్లో అది స్థితి కాదు, సంస్కారం. ‘మా రెండెకరాలు ఇంకా ఆన్‌లైన్ కాలేదు’ అంటాడు రైతు. ‘ఆన్‌లైన్ చేయించాలి’, ‘ఆన్‌లైన్లో ఎక్కించారు’, ‘ఆన్‌లైన్లోంచి తీసేశారు’. పహాణీలో పేరు ఎక్కడం, ఎక్కకపోవడం తరతరాల దిగులు. 2011లో మీసేవ కేంద్రాలు, 2020లో భూరికార్డుల పోర్టల్ ధరణి వచ్చాక ఆ దిగులు ఈ కొత్త మాటను తొడుక్కుంది. భూమి కాళ్ల కింద ఉంటుంది, దున్నుతున్నది తనే, పంట కళ్ల ముందుంటుంది. అయినా ఆన్‌లైన్ కాలేదు కనుక అది అతనిది కాదు. ఈ బాధను చెప్పగలిగిన అర్థం ఆ మాటకు ఇంగ్లండులో లేదు, అమెరికాలో లేదు. మన రెవెన్యూ కార్యాలయం గుమ్మంలో పుట్టింది.

ఇన్ని చోట్ల దూరిన మాట మన మాటలన్నిటినీ తరిమేసిందా? మాతృభాషాభిమానులకు కలిగే భయం ఇది. ఆ భయాన్ని నేను గౌరవిస్తాను. కానీ సాక్ష్యం వేరే చెబుతోంది. లైను గడప తొక్కలేని గదులు మన ఇంట్లో చాలా ఉన్నాయి. ‘వరుస’ చూడండి. క్రమం అన్న అర్థంలో కొంత చోటు లైనుకు వదిలింది గానీ, ‘వరుసకు బావ’ అన్నచోట దాన్ని దగ్గరకు రానివ్వలేదు. భోజనాల దగ్గర ‘మొదటి బంతి’ లేస్తుంది. మొదటి లైను లేవదు. నాగలి వెంట పడేది సాలు. నుదుట ఉన్నది గీత. గీత దాటిన సీతమ్మ కథ మనకు తెలుసు. లైను దాటినవాడు మాత్రం పార్టీవాడో ఉద్యోగో అయి ఉంటాడు. కంటికి కనబడని వాటికి ‘రేఖ’ దొరికింది: భూమధ్యరేఖ, దారిద్ర్యరేఖ, నియంత్రణ రేఖ. వీటిని పాఠ్యపుస్తకాలూ పత్రికలూ అనువదించి ఇచ్చాయి, మనం తీసుకున్నాం. చేత్తో ముట్టుకున్నవాటికి, కాళ్లతో నిలబడ్డవాటికి మాత్రం ఎవరూ అనువాదం ఇచ్చేదాకా జనం ఆగలేదు. పుస్తకం దారిన వచ్చినది రేఖ అయింది, పని దారిన వచ్చినది లైను అయింది. ఏ కమిటీ కూర్చోకుండా ఒక భాషాసమాజం చేసుకున్న పంపకం ఇది.

పైగా వచ్చిన మాటను మనం ఉన్నదున్నట్టు ఉంచుకోలేదు. చివర ఉకారం తగిలించాం. లైన్లు, లైనుకు, లైన్లో అని విభక్తులన్నీ తొడిగాం. తెలంగాణలో ‘లైన్ల నిలబడ్డం’ అన్నాం. అన్నిటికంటే ముఖ్యం, క్రియ మనదే పెట్టాం. లైను కడితే మనుషులు, లాగితే తీగ, కలిస్తే గొంతు, వేస్తే వలపు, మారితే బతుకుతెరువు, దాటితే తప్పు. నామవాచకం ఎరువుది, దానికి దిక్కు చూపినది తెలుగు క్రియ.

మరి ఈ మాటలకు మన నిఘంటువుల్లో చోటేది? సి.పి. బ్రౌన్ 1852లో తెలుగు–ఇంగ్లిష్ నిఘంటువు వెలువరించి, అంతటితో ఊరుకోలేదు. కచేరీల్లో, బజార్లలో తెలుగులో కలిసి వినబడుతున్న పరాయి మాటలకు 1854లో ప్రత్యేకంగా మిశ్రభాషా నిఘంటువు వేశాడు. జనం నోట ఉన్నదాన్ని రాతలోకి రానివ్వాలని గిడుగు రామమూర్తి పంతులుగారు జీవితమంతా పోరాడారు. భద్రిరాజు కృష్ణమూర్తిగారి సంపాదకత్వంలో 1962లో మాండలిక వృత్తిపదకోశం మొదటి సంపుటం వచ్చినప్పుడు, వ్యవసాయపు మాటల కోసం పరిశోధకులు ఊరూరా రైతుల దగ్గరకు వెళ్లారు. సాలు అంటే ఏమిటో సాలులో నిలబడ్డవాడినే అడిగారు. మాస్టారి ప్రశ్నా అదే. ఆ పని లైన్‌మన్ దగ్గరికి, స్టేషన్ మాస్టర్ దగ్గరికి, మీసేవ కౌంటరు ముందు నిలబడ్డ రైతు దగ్గరికి సాగవలసి ఉంది. యంత్రాలకు కూడా తెలుగు నేర్పుతున్న రోజులివి. ఇంగ్లిష్ కోశంలోని అర్థాలను తెచ్చి మన నోట పెడితే, పిల్లలు గానీ యంత్రాలు గానీ ఆ అబ్బాయి ప్రశ్నను తప్పుగానే చూస్తారు.

కాబట్టి నాదొక విన్నపం. రేపు ఎవరైనా తెలుగులో స్థిరపడిన ఎరువు మాటలకు కోశం కూర్చితే, ప్రతి మాట పక్కనా మొదట అర్థం రాయవద్దు. చోటు రాయండి. దండు, తోట, రైలు, స్తంభం, రేషన్ దుకాణం, కొండ మీది కటకటాలు, పార్టీ ఆఫీసు, మైత్రివనం మెట్లు, తహసీల్దారు గుమ్మం అని రాయండి. చోటు తెలిస్తే అర్థం దానంతట అదే వస్తుంది.

ఆ రోజు తరగతి ముగిసేముందు మాస్టారు నల్లబల్ల మీద ‘లైన్ క్లియర్’ అని రాశారు. దాని కింద రైలు, పత్రిక అని రెండు మాటలు రాసి, సుద్దముక్క ఆ అబ్బాయి చేతికిచ్చారు. వాడు ముందుకొచ్చి, మూడో మాటగా ‘మా నాన్న’ అని రాశాడు. మాస్టారు దాన్ని చెరపలేదు. మరునాడు మేం వచ్చేసరికి కూడా అది బల్ల మీదే ఉంది.